ఇనేస్ ద మెదెయిరోస్ డాక్యుమెంటరీ ప్రస్థానం, పాత ఉత్తరాలతో చిత్రం తీయడం గురించి ఒక ప్రశ్న

ప్రశ్న
ఉత్తరాలపెట్టె, నల్లకుంట

అందరికీ నమస్కారం. నేను హైదరాబాదులో ఇరవై ఏళ్లకు పైగా తెలుగు నాటకాల్లో నటిస్తున్నాను. కెమెరా వెనుక నిలబడిన అనుభవం నాకు లేదు. ఇప్పుడు ఆ అవసరం వచ్చింది కాబట్టి తెలిసినవారి సలహా కోరుతున్నాను.

నిరుడు చలికాలంలో ఒక ఆదివారం ఉదయం, ఆబిడ్స్‌లో మూసిన దుకాణాల ముందు పరిచే పాత పుస్తకాల్లో నాటకాల కోసం వెదుకుతుంటే, నాడాతో కట్టిన ఒక అట్ట ఫైలు నా చేతికి వచ్చింది. అందులో నలభై మూడు ఉత్తరాలు ఉన్నాయి. అన్నీ 1976లో తెలుగులో రాసినవి, అన్నీ స్త్రీలు రాసినవి. ఒక మహిళా సంఘం పంపిన విజ్ఞప్తికి జవాబుగా, అత్యవసర పరిస్థితిని, ఇరవై సూత్రాల కార్యక్రమాన్ని సమర్థిస్తూ వాళ్లు వాటిని రాశారు. ఎవరో నమూనా ఇచ్చినట్టు మొదటి నాలుగైదు వాక్యాలు అందరివీ ఒకేలా ఉన్నాయి. ఆ వాక్యాలు అయిపోయాక మాత్రం ఎవరి చేతిరాత వారిది, ఎవరి గోడు వారిది. ఒకామె కుట్టుమిషను కోసం తాను పెట్టుకున్న దరఖాస్తు ఏమైందని అడిగింది. ఇంకొకామె రైళ్లు వేళకు వస్తున్నందుకు సంతోషం తెలిపి, ఆ కిందనే తన తమ్ముడు ఇంటికి రాక ఏడు నెలలైందని, ఎక్కడున్నాడో సంఘం పెద్దలు కనుక్కోగలరా అని రాసింది. ఆ ఒక్క ఉత్తరాన్ని ఎన్నిసార్లు చదివానో నాకే లెక్క లేదు.

ఈ సంగతి చెప్పినప్పుడు ఒక స్నేహితురాలు, పోర్చుగల్‌కు చెందిన నటి ఇనేస్ ద మెదెయిరోస్ 2006లో తీసిన ‘కార్తాస్ ఆ ఉమా దితదూరా’ అనే డాక్యుమెంటరీ గురించి చెప్పింది. ‘ఒక నియంతృత్వానికి ఉత్తరాలు’ అని ఆ పేరుకు అర్థమట. అధికారాన్ని మెచ్చుకుంటూ స్త్రీలు రాసిన ఉత్తరాల మీదే ఆ చిత్రం నడుస్తుందని విని ఆశ్చర్యపోయాను. ఆమె నటిగా మొదలై డాక్యుమెంటరీల వైపు ఎలా వచ్చారో, ఆ నటనానుభవం ఈ పనికి నిజంగా ఉపయోగపడుతుందో లేదో తెలిసినవారు చెప్పగలరా? ఒకనాడు ప్రభుత్వాన్ని పొగుడుతూ ఉత్తరం రాసిన ముసలమ్మ ముందు, యాభై ఏళ్ల తర్వాత ఆ ఉత్తరాన్నే పెట్టి మాట్లాడించడం న్యాయమేనా అన్నది నన్ను ఇంకా ఎక్కువగా బాధిస్తున్న ప్రశ్న.

జవాబు
తెరచాప, తార్నాక

అమ్మా, మీరు సరైన మనిషినే పట్టుకున్నారు. ఈ ఇంటిపేరు వినగానే మన ఫిల్మ్ సొసైటీల్లో చాలామందికి ఆమె అక్క మరియా ద మెదెయిరోస్ గుర్తుకు వస్తారు. ‘పల్ప్ ఫిక్షన్’లో బ్రూస్ విల్లిస్ పక్కన ఫాబియెన్ పాత్ర వేసినది ఆవిడే. చెల్లెలు ఇనేస్ 1968లో వియన్నాలో పుట్టారు. తండ్రి ఆంతోనియో విక్తోరినో ద అల్మేదా పేరున్న సంగీతకర్త. అక్కాచెల్లెళ్లిద్దరూ నటులై, ఇద్దరూ దర్శకత్వానికి వచ్చి, ఇద్దరూ ఏదో ఒక దశలో తమ దేశపు నియంతృత్వం వైపు కెమెరా తిప్పినవారే. మరియా 2000లో తీసిన ‘కపితాయిన్స్ ద అబ్రిల్’ 1974 ఏప్రిల్ 25న పోర్చుగల్‌లో వచ్చిన సైనిక విప్లవం మీద అల్లిన కథాచిత్రం. ఆ తర్వాత ఆవిడ బ్రెజిల్ సైనిక పాలనలో హతుడైన ఎదువార్దో లెయితె కుటుంబంలోని స్త్రీల వాంగ్మూలాలతో ‘హెపారె బెం’ అనే డాక్యుమెంటరీ తీశారు. వీలైతే దాన్ని కూడా చూడండి. అయితే మీ పనికి దగ్గరగా ఉన్నది ఇనేస్ దారే కాబట్టి దాని గురించే చెబుతాను.

నటిగా ఆమె ఎవరి దగ్గర పని చేశారో చూస్తే, డాక్యుమెంటరీ వైపు ఎందుకు వెళ్లారో నాకు కొంతవరకు అర్థమవుతుంది. 1989లో వచ్చిన జాక్ రివెట్ చిత్రం ‘లా బాంద్ దే కాత్ర్’లో ఆమె లూసియా అనే పోర్చుగీసు అమ్మాయిగా నటించారు. అది ప్యారిస్‌లో నటన నేర్చుకుంటున్న అమ్మాయిల కథ. అందులో మారివో అనే పాత ఫ్రెంచి రచయిత నాటకాన్ని వాళ్లు రిహార్సల్ చేస్తూ ఉంటే, ఒకే సన్నివేశాన్ని మళ్లీ మళ్లీ చెబుతూ తడబడుతూ ఉంటే, కెమెరా తొందరపడకుండా చూస్తూ కూర్చుంటుంది. మనిషి మాట కోసం కెమెరా వేచి ఉండగలదని ఒక నటికి అంతకంటే బాగా నేర్పే చిత్రం ఉండదని నా అభిప్రాయం.

అదే ఏడాది పెద్రో కోస్తా మొదటి చిత్రం ‘ఓ సాంగ్’లోనూ ఆమె ఉన్నారు. 1994లో అదే దర్శకుడి ‘కాజా ద లావా’లో ప్రధాన పాత్ర ఆమెదే. స్పృహ కోల్పోయిన ఒక కేప్ వర్ద్ కూలీని లిస్బన్ నుంచి అతని ద్వీపానికి తీసుకువెళ్లే నర్సు మరియానా పాత్ర అది. ఈ చిత్రం విషయంలో మీకు తప్పక చెప్పవలసిన సంగతి ఒకటి ఉంది. కేప్ వర్ద్‌లో షూటింగు ముగించుకుని తిరిగి వచ్చేటప్పుడు, లిస్బన్‌లో కూలి చేసుకుంటున్న తమవాళ్లకు ఇవ్వమని అక్కడి ఊరివాళ్లు ఉత్తరాలు, చిన్న చిన్న మూటలు ఇచ్చి పంపారు. వాటిని అందజేయడానికి వెళ్లిన కోస్తా ఫొంతాయిన్యాస్ అనే పేదల బస్తీలో అడుగుపెట్టి, ఆ గల్లీల్లోనే ఉండిపోయి, ‘ఒసోస్’, ఆ తర్వాత 2000లో ‘నో క్వార్తో ద వాందా’ తీశారు. కథకూ డాక్యుమెంటరీకీ మధ్య గోడ లేని ఆ రెండో చిత్రం ఇప్పుడు ప్రపంచమంతటా సినిమా విద్యార్థులు చదివే పాఠమైంది. ఉత్తరాలు పట్టుకుని గుమ్మం ముందు నిలబడిన మనిషిని ఎవరూ పొమ్మనరు. ‘కాజా ద లావా’లో ప్రధాన పాత్ర వేసిన ఇనేస్ పన్నెండేళ్ల తర్వాత మరో ఉత్తరాల కట్టతో వేరే గుమ్మాల ముందుకు వెళ్లారు.

నడుమ 2002లో ఆమె ‘ఓ ఫాతో కొంప్లేతో’ అనే డాక్యుమెంటరీ కూడా తీశారు. ‘అల్బెర్తో కోసం వెదుకుతూ’ అని ఆ పేరుకు ఒక తోక ఉంది. మనిషిని వెదకడం ఆమె చిత్రాల్లో అప్పటికే మొదలైందనడానికి ఆ పేరే చాలు.

జవాబు
పురానాపూల్ పాఠకురాలు

తెరచాప గారు దారి చెప్పారు. అయితే 1958లో ఆ దేశంలో ఏం జరిగిందో తెలియకుండా ఆ చిత్రం బరువు అందదని నాకు అనిపిస్తుంది. నేను చరిత్ర చదువుకున్నదాన్ని కాబట్టి ఆ భాగం రాస్తాను.

సలజార్ 1932లో పోర్చుగల్ ప్రధానమంత్రి అయ్యాడు. 1968లో కుర్చీలోంచి పడి అనారోగ్యం పాలయ్యేవరకు పదవిలోనే ఉన్నాడు. 1961 డిసెంబరులో భారత సైన్యం ప్రవేశించేవరకు గోవాను వదలనన్నది కూడా ఆయన ప్రభుత్వమే. అలాంటి పాలనకు 1958 అధ్యక్ష ఎన్నికల్లో ఊహించని ఎదురుదెబ్బ తగిలింది. వాయుసేన జనరల్ ఉంబెర్తో దెల్గాదో ప్రతిపక్ష అభ్యర్థిగా నిలబడ్డాడు. గెలిస్తే సలజార్‌ను ఏం చేస్తారని విలేఖరులు అడిగితే, తప్పకుండా తొలగిస్తానని బహిరంగంగా చెప్పాడు. జనం వీధుల్లోకి వచ్చారు. చివరకు ప్రభుత్వ అభ్యర్థి అమేరికో తొమాస్ గెలిచినట్టు ప్రకటించారు. ఆ తర్వాత అధ్యక్షుణ్ణి ప్రజలు నేరుగా ఎన్నుకునే పద్ధతినే తీసివేశారు. దెల్గాదోను 1965లో స్పెయిన్ సరిహద్దు దగ్గర రహస్య పోలీసులు చంపారు.

ఇనేస్ చిత్రంలోని ఉత్తరాలు సరిగ్గా ఆ 1958 నాటివే. నియంతృత్వాన్ని సమర్థించే ఒక స్త్రీల ఉద్యమం, ఎవరు నడిపారో అంతుబట్టని ఉద్యమం, దేశంలోని స్త్రీలకు ఒక సర్క్యులర్ పంపింది. శాంతి కోసం, క్రమశిక్షణ కోసం, అన్నిటికంటే ముఖ్యంగా దేశరక్షకుడైన సలజార్ కోసం ముందుకు రమ్మని అందులో పిలుపు. దానికి స్త్రీలు రాసిన వందకు దగ్గరగా జవాబులు దొరికాయి. అసలు సర్క్యులర్ ప్రతి మాత్రం ఒక్కటీ దొరకలేదు. ప్రశ్న మాయమై జవాబులు మిగిలాయి. మీ ఫైలులో మహిళా సంఘం పంపిన విజ్ఞప్తి కాగితం ఉందో లేదో ఒకసారి చూడండి, లేకపోతే ఆ లేకపోవడం కూడా మీ చిత్రంలో చెప్పదగిన విషయమే.

ఆ స్త్రీలు ఎలాంటి చట్టం కింద బతుకుతూ ఆ ఉత్తరాలు రాశారో గుర్తుంచుకోవాలి. 1933 రాజ్యాంగం పౌరులందరూ సమానమని చెప్పి, స్త్రీల విషయంలో మాత్రం వారి ప్రకృతి, కుటుంబ శ్రేయస్సు కారణంగా ఉండే భేదాలను మినహాయించింది. పెళ్లైన స్త్రీ భర్త అనుమతి లేకుండా దేశం దాటడానికి 1969 వరకు వీలులేదు. ఓటు హక్కు కొంత చదువుకున్న స్త్రీలకే పరిమితం. అలాంటి స్త్రీకి ఒకరోజు రాజకీయాల మీద నీ అభిప్రాయం రాయమని కాగితం వస్తే, ఆమె జవాబును మెప్పు అనాలా, భయం అనాలా, లేక జీవితంలో మొదటిసారి తనను ఎవరో అడిగారన్న సంతోషం అనాలా? ఇనేస్ ఆ ఉత్తరాలు రాసినవారిలో బతికి ఉన్నవారిని వెదికి పట్టుకుని మాట్లాడించారు. కృతజ్ఞతల మధ్య, పొగడ్తల మధ్య తలుపులు మూసుకున్న ఒక దేశపు రోజువారీ బతుకు బయటపడటమే ఆ చిత్రంలోని బలం.

మన హైదరాబాదులోనే స్త్రీశక్తి సంఘటన వారు తెలంగాణ సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీల జ్ఞాపకాలను వారి మాటల్లోనే సేకరించి, 1986లో ‘మనకు తెలియని మన చరిత్ర’ పేరుతో పుస్తకంగా తెచ్చారు. స్త్రీల నోట చరిత్ర వినడం మనకు కొత్త కాదు. కాని అక్కడ మాట్లాడినవారు పోరాడినవారు. తమ గతాన్ని తలెత్తుకుని చెప్పుకోగలిగినవారు. అధికారం పక్షాన ఉత్తరం రాసిన స్త్రీని అదే శ్రద్ధతో వినడం అంతకంటే కష్టమైన పని, దాన్ని ఇంతవరకు మనం సరిగా చేయలేదు. అందువల్ల మీ చిత్రం రావాలని నేను గట్టిగా కోరుకుంటున్నాను.

జవాబు
హిమాయత్‌నగర్ న్యాయవాది

చట్టం వైపు నుంచి క్లుప్తంగా చెబుతాను. మీరు డబ్బిచ్చి కొన్నది కాగితాన్ని మాత్రమే, ఆ ఉత్తరంలోని రచన మీద హక్కును కాదు. 1957 నాటి మన కాపీరైట్ చట్టం ప్రకారం ఉత్తరం మీద హక్కు రాసినవారిది. వారు మరణించిన తర్వాత కూడా అరవై ఏళ్లపాటు అది వారసులకు ఉంటుంది. అందువల్ల ఉత్తరాన్ని తెర మీద చూపించాలన్నా, పూర్తిగా చదివి వినిపించాలన్నా, రాసినామె నుంచి గాని వారసుల నుంచి గాని రాతపూర్వకంగా అనుమతి తీసుకోండి. తమ్ముడు కనిపించడం లేదని రాసిన ఉత్తరం విషయంలో ఇంకొంత జాగ్రత్త అవసరం. ఆ కుటుంబం ఆ సంగతిని ఇప్పటి తరానికి చెప్పుకుందో లేదో మీకు తెలియదు. అనుమతి వచ్చేవరకు ఊరి పేరు, ఇంటిపేరు ఎక్కడా బయటపెట్టకండి, ఇలాంటి చర్చల్లో కూడా.

జవాబు
వాచికం, చిక్కడపల్లి

నేను మీకంటే వయసులో పెద్దవాణ్ణి, నాటకరంగంలో నలభై ఏళ్లు గడిపినవాణ్ణి కాబట్టి చనువుగా రాస్తున్నాను, ఏమీ అనుకోవద్దమ్మా.

తెరచాప గారు చెప్పినదాంట్లో ఒక మాటతో నేను ఏకీభవించలేను. నటన నేర్చుకున్నందువల్ల డాక్యుమెంటరీకి మేలే జరుగుతుందన్నట్టు ఆయన రాశారు. కీడు కూడా జరగవచ్చు. మనం ఉత్తరం చేతికి రాగానే గొంతు సవరించుకుంటాం. ఎక్కడ ఆగాలో, ఎక్కడ వణకాలో అప్పుడే లెక్క వేసుకుంటాం. ‘నా తమ్ముడు ఏడు నెలలుగా ఇంటికి రాలేదు’ అన్న వాక్యాన్ని మీరు చదివితే ప్రేక్షకులు తప్పకుండా కన్నీళ్లు పెట్టుకుంటారు. కాని ఆ కన్నీళ్లు మీ గొంతుకు వచ్చినవి. ఆ ఉత్తరం రాసినామె బహుశా ఏ వణుకూ లేకుండా, పప్పు పొయ్యి మీద పెట్టి, ఇన్‌లాండ్ కవరు మీద జాగా మిగిలింది కదా అని ఆ వాక్యం రాసి ఉంటుంది. అలా రాసిందనుకుంటేనే నాకు ఎక్కువ భయం వేస్తుంది. కాబట్టి మీ గొంతుతో చదవవద్దు. ఆమె బతికి ఉంటే ఆమే చదవాలి. ఆమెకు చూపు ఆనకపోతే మనవరాలు చదివి వినిపించాలి, మీరు ఆమె ముఖాన్ని చూడాలి.

అయినా నటులకు ఒక మేలు ఉన్నదని ఒప్పుకుంటాను. కెమెరా ముందు కూర్చున్న మనిషికి ఎంత జంకుగా ఉంటుందో మనకు ఒంటితో తెలుసు. దీపం కళ్లలో పడుతున్నప్పుడు, పక్కన ఎవరో తలపాగా సర్దుకున్నట్టు వైర్లు సర్దుకుంటున్నప్పుడు, మనిషి తాను అనుకున్నది కాకుండా ఎదుటివాళ్లు వినాలనుకుంటున్నది చెబుతాడు. 1976లో వాళ్లు చేసిందీ అదే. మీరు మళ్లీ అదే చేయించకూడదు. మీరు పశ్చాత్తాపం కోసం వచ్చారని ఆమెకు అనిపిస్తే పశ్చాత్తాపమే చెబుతుంది. అది కూడా నమూనా చూసి రాసిన ఉత్తరమే అవుతుంది.

మన ఉత్తరాల మర్యాద కూడా మరచిపోకండి. ‘ఉభయకుశలోపరి’ నుంచి ‘ఇట్లు’ వరకు ఉన్నది లోకం కోసం రాసినది, ‘ఇట్లు’ తర్వాత అంచున ఇరికించి రాసినదే మనసులోది. కెమెరా ముందు కూడా అంతే. ఇక చాలండి అని మీరు లేచాక, కాఫీ తాగి వెళ్లమని ఆమె అన్నాక వచ్చే మాటల కోసం ఓపిక పట్టండి.

జవాబు
తెరచాప, తార్నాక

పెద్దవారు చెప్పింది నిజం, నా మాటను సరిదిద్దుకుంటున్నాను. ఇనేస్ తర్వాత కొద్ది ఏళ్లకే సుసానా ద సోజా దియాస్ అనే పోర్చుగీసు దర్శకురాలు ‘48’ అనే చిత్రం తీశారు. 1926 నుంచి 1974 వరకు సాగిన 48 ఏళ్ల నియంతృత్వమే ఆ అంకె. అందులో తెర మీద రహస్య పోలీసులు తీసిన రాజకీయ ఖైదీల పాత ఫొటోలు మాత్రమే ఉంటాయి. ఆ ఖైదీలే ముసలివారైన తర్వాత చెబుతున్న మాటలు మనకు వినిపిస్తాయి. నటన ఒక్క అంగుళం కూడా లేని చిత్రం అది. మీరు ఆ రెండు చిత్రాలనూ ఒకే వారంలో చూస్తే మంచిది. ఒకటి అధికారం దెబ్బ తిన్నవారిది, ఇంకొకటి అధికారానికి కృతజ్ఞతలు చెప్పినవారిది. ముఖాన్ని ఎప్పుడు చూపాలో, ఎప్పుడు దాచాలో ఆ రెండింటి మధ్య ఆలోచించుకోవచ్చు.

ఇనేస్ గురించి ఇంకొక్క సంగతి. ఆమె 2009లో పార్లమెంటుకు, 2017లో అల్మాదా పట్టణ మేయర్‌గా ఎన్నికయ్యారు. లిస్బన్‌కు ఎదురుగా తేజో నది అవతలి ఒడ్డున ఉన్నది అల్మాదా. ఆ రెంటినీ కలిపే పెద్ద వంతెనను 1966లో సలజార్ పేరుతో ప్రారంభించారు. విప్లవం తర్వాత దానికి ఏప్రిల్ 25 అని పేరు మార్చారు. ఆ ఉత్తరాల చిత్రం తీసిన మనిషి ఆ వంతెన ఒక కొసన ఉన్న ఊరికి మేయర్ కావడం నాకు ఎప్పుడూ విశేషంగానే కనిపిస్తుంది. అయితే ఆమె పదవిని చూసి ఆ చిత్రాన్ని అంచనా వేయవద్దు. చిత్రం ముందు వచ్చింది, పదవులు తర్వాత వచ్చాయి.

ఉత్తరాలపెట్టె, నల్లకుంట

మీ అందరికీ మనస్ఫూర్తిగా కృతజ్ఞతలు. పాఠకురాలి గారు అడిగాక ఫైలంతా మళ్లీ కాగితం కాగితంగా చూశాను. విజ్ఞప్తి ప్రతి అందులో లేదు. అందరి ఉత్తరాల్లోనూ మొదట ఒకేలా వచ్చే వాక్యాలను వరుసగా రాసుకుంటే, ఆ విజ్ఞప్తి ఏమని ఉండి ఉంటుందో దాదాపుగా తెలుస్తోంది. దాన్ని ఊహించి తయారు చేయకుండా, ఆ నలభై మూడు ఉత్తరాల మొదటి వాక్యాలను ఒకదాని తర్వాత ఒకటి చేతిరాతతో చూపిస్తే సరిపోతుందని అనుకుంటున్నాను.

చిక్కడపల్లి పెద్దాయనకు నమస్కారాలు. నిజం చెప్పాలంటే ఆ తమ్ముడి ఉత్తరాన్ని నేను ఇంట్లో నా గొంతుతో రికార్డు చేసి పెట్టుకున్నాను. మీ జవాబు చదివిన తర్వాత విన్నాను. మీరు చెప్పిన చోటే, ‘ఏడు నెలలు’ దగ్గరే, నా గొంతు వణికింది. దాన్ని తుడిచేశాను.

కుట్టుమిషను అడిగినామె చిరునామాలోని గల్లీ సికింద్రాబాదులో ఇప్పటికీ అదే పేరుతో ఉంది. ఇంటి నంబర్లు మారాయి. అక్కడి కిరాణా కొట్టు ఆయన, ఆ పేరుగల మామ్మగారు ఉన్నారని, మధ్యాహ్నం మూడు తర్వాత అరుగు మీద కూర్చుంటారని చెప్పాడు. వచ్చే ఆదివారం వెళుతున్నాను. కెమెరా తీసుకువెళ్లడం లేదు. ఉత్తరం జిరాక్సు కాకుండా అసలు కాగితమే తీసుకువెళుతున్నాను, ఆమె అడిగితే ఇచ్చేసి వస్తాను. న్యాయవాది గారూ, ఆమె ఆ కాగితాన్ని తన దగ్గరే ఉంచుకుంటానంటే, దాని ఫొటో తీసుకోవడానికి విడిగా అనుమతి పత్రం రాయించుకోవాలా? ఆదివారం లోపు వీలైతే చెప్పండి.